పెళ్లయిన ఏడేళ్లలోపు: వరకట్న మరణం కోర్టులో ఎలా నిలుస్తుంది?

పెళ్లయి ఏడేళ్లు నిండకముందే ఒక వివాహిత అసహజంగా చనిపోతే, ఆ మరణాన్ని మన క్రిమినల్ చట్టం మిగతా మరణాల్లా చూడదు. దానికి వేరే సెక్షన్ ఉంది. వేరే రుజువు పద్ధతి ఉంది. నేరం తేలితే ఏడేళ్లకు తగ్గని జైలు ఉంది. పత్రికల్లో తరచు కనిపించే మాట ‘వరకట్న హత్య’. చట్టంలో ఉన్న మాట ‘వరకట్న మరణం’. ఈ రెండింటి మధ్య తేడా చాలా పెద్దది. హత్య అని తేల్చాలంటే ఎవరు చంపారో సందేహానికి తావులేకుండా రుజువు కావాలి. వరకట్న మరణంలో ఆమెను ఎవరైనా చంపారా, బతుకు భరించలేక ఆమే ప్రాణం తీసుకుందా అన్నది తేలకపోయినా శిక్ష పడవచ్చు. కట్నం కోసం భర్త, అత్తింటివారు ఆమెను హింసించారని, ఆ హింస చావు దాకా ఆమెను వదల్లేదని తేలాలి. ఆ ఒక్కటి తేల్చడంలోనే ఈ కేసులు గెలుస్తాయి, ఓడిపోతాయి.

జాతీయ నేర గణాంకాల సంస్థ లెక్క ప్రకారం 2023లో దేశంలో 6,156 మంది మహిళలు ఇలా చనిపోయారు. అంటే రోజుకు దాదాపు 17 మంది. వీరిలో ఉత్తరప్రదేశ్‌లో 2,122 మంది, బిహార్‌లో 1,143 మంది ఉన్నారు. దేశం మొత్తంలో సగానికి పైగా మరణాలు ఈ రెండు రాష్ట్రాల్లోనే. ఇవన్నీ పోలీసు రికార్డుకెక్కిన మరణాలు మాత్రమే.

చట్టం నడిచిన దారి

కట్నాన్ని నేరంగా ప్రకటించిన తొలి రాష్ట్రాల్లో ఆంధ్రప్రదేశ్ ఒకటి. 1950లో బిహార్, 1958లో ఆంధ్రప్రదేశ్ సొంత చట్టాలు చేసుకున్నాయి. 1961 జూలై 1న కేంద్రం తెచ్చిన వరకట్న నిషేధ చట్టం అమల్లోకి వచ్చింది. అయితే ఆ చట్టం కట్నం ఇవ్వడం, పుచ్చుకోవడం, అడగడం గురించే మాట్లాడింది. కట్నం కారణంగా పోయే ప్రాణాల ఊసు అందులో లేదు.

1970ల చివర్లో ఢిల్లీలో కొత్త కోడళ్లు కాలిపోయి చనిపోవడం పెరిగింది. ‘స్టవ్ పేలింది’ అనే ఒక్క మాటతో అలాంటి కేసులు మూతపడుతుండగా మహిళా సంఘాలు వీధుల్లోకి వచ్చాయి. 1979లో కూతురిని పోగొట్టుకున్న సత్యరాణి చడ్ఢా ఆ ఉద్యమంలో ముందు నిలిచారు. తన కూతురి కేసు కోసం ఆమె దశాబ్దాల పాటు కోర్టుల చుట్టూ తిరిగారు. 1983లో లా కమిషన్ తన 91వ నివేదికను వరకట్న మరణాల మీదే ఇచ్చింది. అదే ఏడాది చివర్లో భార్యపై క్రూరత్వాన్ని నేరం చేస్తూ ఐపీసీలో 498-ఎ సెక్షన్ వచ్చింది. 1986 నవంబర్ 19 నుంచి వరకట్న మరణం 304-బి పేరుతో ప్రత్యేక నేరమైంది. సాక్ష్యాల చట్టంలో దానికి తోడుగా 113-బి సెక్షన్ చేరింది.

2024 జూలై 1న కొత్త నేర చట్టాలు వచ్చాయి. భారతీయ న్యాయ సంహితలో వరకట్న మరణం 80వ సెక్షన్ అయింది. క్రూరత్వం 85, 86 సెక్షన్లలోకి వెళ్లింది. రుజువుకు సంబంధించిన నిబంధన భారతీయ సాక్ష్య అధినియమంలో 118వ సెక్షన్‌గా ఉంది. నంబర్లు మారాయి గానీ నేరం నిర్వచనం మారలేదు. ఆ తేదీకి ముందు జరిగిన మరణాలపై విచారణ పాత సెక్షన్ల కిందే సాగుతుంది.

నాలుగు మెట్లు

80వ సెక్షన్ కింద శిక్ష పడాలంటే ప్రాసిక్యూషన్ నాలుగు మెట్లు ఎక్కాలి. మరణం కాలిన గాయాల వల్ల గానీ, శరీరానికి తగిలిన దెబ్బల వల్ల గానీ, మరేదైనా అసహజ పరిస్థితుల్లో గానీ జరిగి ఉండాలి. పెళ్లయిన ఏడేళ్లలోపు జరిగి ఉండాలి. మరణానికి కొద్దికాలం ముందు భర్త గానీ అతని బంధువులు గానీ ఆమెను హింసించి ఉండాలి. ఆ హింసకు కట్నం డిమాండ్‌తో సంబంధం ఉండాలి.

మొదటి రెండు మెట్లు తేలికగా కనిపిస్తాయి. పెళ్లి తేదీకి శుభలేఖ, పెళ్లి ఫొటోలు, రిజిస్ట్రేషన్ పత్రం, పెళ్లి చేయించిన పురోహితుడి సాక్ష్యం ఆధారాలవుతాయి. ఏడేళ్ల గడువు దాటితే 80వ సెక్షన్ వర్తించదు. అప్పుడు హత్య, ఆత్మహత్యకు ప్రేరేపణ, క్రూరత్వం వంటి వేరే సెక్షన్ల కింద కేసు నడుస్తుంది. అసలు కష్టం మూడో మెట్టు, నాలుగో మెట్టు దగ్గర మొదలవుతుంది.

ఏది కట్నం?

తెలుగు ఇళ్లలో పెళ్లికి ముందు మాట్లాడుకునే రొక్కం, బంగారం, పొలం, కారు మాత్రమే కట్నం అనుకుంటారు. చట్టం అక్కడ ఆగదు. పెళ్లికి ముందు, పెళ్లి సమయంలో, పెళ్లయ్యాక ఎప్పుడైనా, ఆ పెళ్లితో సంబంధం పెట్టి ఇచ్చిందీ, ఇస్తామని ఒప్పుకున్నదీ కట్నమే. మన వార్తల్లో వినిపించే ‘అదనపు కట్నం’ కూడా అందులోకే వస్తుంది. పెళ్లి నాటి ఒప్పందంలో లేదు కాబట్టి అది కట్నం కాదనే వాదన కోర్టులో నిలవదు. బిడ్డ పుట్టినప్పుడో, మరో వేడుకకో ఆచారం కొద్దీ పెట్టే కానుకలు మాత్రం కట్నం కిందకు రావని 2001లో సుప్రీంకోర్టు చెప్పింది.

ఈ గీత ఎక్కడ గీయాలన్న దానిపై కోర్టులే చాలాకాలం తడబడ్డాయి. ఇంటి ఖర్చులకు, ఎరువులకు డబ్బు తెమ్మన్న కేసులో 2007లో సుప్రీంకోర్టు దాన్ని కట్నంగా ఒప్పుకోలేదు. 2013లో ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన ఒక కేసులో వ్యాపారానికి కంప్యూటర్ కొనుక్కోవడానికి 50 వేలు అడగడం కూడా కట్నం కాదంది. 2015లో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం ఈ ధోరణిని సరిదిద్దింది. కట్నాన్ని సంకుచితంగా నిర్వచిస్తే చట్టం ఉద్దేశమే దెబ్బతింటుందని, ఆ రెండు తీర్పుల్లోని సూత్రం సరికాదని చెప్పింది. 2022 జనవరిలో మధ్యప్రదేశ్ కేసులో తెలుగువారైన అప్పటి ప్రధాన న్యాయమూర్తి ఎన్.వి. రమణ నేతృత్వంలోని ధర్మాసనం, ఇల్లు కట్టుకోవడానికి పుట్టింటి నుంచి డబ్బు తెమ్మనడం కట్నమేనని తేల్చింది. ఆ డబ్బు ఇమ్మని మృతురాలు కూడా పుట్టింటివారిని అడిగింది కాబట్టి అది కట్నం కాదన్న హైకోర్టు వాదనను తోసిపుచ్చింది. ఆ అడగడంలో ఆమె నిస్సహాయతను చూడాలంది.

‘కొద్దికాలం ముందు’ అంటే?

చట్టంలోని ఈ చిన్న మాట చుట్టూ జరిగినంత వాదన మరి దేనిచుట్టూ జరగలేదు. కొద్దికాలం అంటే ఎన్ని రోజులో చట్టం చెప్పలేదు. మరణానికి ముందు రోజే కొట్టి ఉండాలని కూడా చెప్పలేదు. హింసకూ మరణానికీ మధ్య తెగని బంధం ఉందా అన్నదే చూడాలని సుప్రీంకోర్టు 2000 నుంచి చెబుతూ వచ్చింది. 2021 మే 28న హర్యానా కేసులో జస్టిస్ రమణ, జస్టిస్ అనిరుద్ధ బోస్‌ల ధర్మాసనం దీన్ని మరింత స్పష్టం చేసింది. ‘కొద్దికాలం ముందు’ను ‘అప్పటికప్పుడు ముందు’ అని చదవకూడదంది. మరణం హత్యా, ఆత్మహత్యా, ప్రమాదమా అని గళ్లలో పెట్టి చూడనక్కర్లేదని కూడా చెప్పింది.

పెద్దమనుషుల పంచాయితీ జరిగి, ‘ఇక బాగా చూసుకుంటాం’ అని అత్తింటివారు మాట ఇచ్చి, ఆమెను మళ్లీ కాపురానికి తీసుకెళ్లిన సందర్భాలు ఈ కేసుల్లో కోకొల్లలు. ఆ రాజీ తర్వాత వేధింపులు ఆగాయా, మళ్లీ మొదలయ్యాయా? మళ్లీ మొదలయ్యాయని చెప్పే సాక్ష్యం ఉంటే పాత పంచాయితీ కేసుకు బలమవుతుంది. ఆ సాక్ష్యం లేకపోతే అదే రాజీని డిఫెన్స్ తన ఆయుధంగా వాడుకుంటుంది.

తలకిందులైన రుజువు భారం

సాధారణంగా ముద్దాయి నోరు విప్పనక్కర్లేదు. నేరమంతా ప్రాసిక్యూషనే రుజువు చేయాలి. వరకట్న మరణంలో ఈ సూత్రానికి మినహాయింపు ఉంది. ఆ నాలుగు మెట్లూ ప్రాసిక్యూషన్ ఎక్కితే, మరణానికి కారకులు ముద్దాయిలేనని కోర్టు భావించి తీరాలి. ఇందులో జడ్జికి ఇష్టాయిష్టాలు లేవు. అప్పుడు తాము కారణం కాదని చూపించుకోవలసిన బాధ్యత భర్త మీద, అత్తింటివారి మీద పడుతుంది. ఏడేళ్లలోపు ఆత్మహత్య చేసుకున్న కేసులో ప్రేరేపణకు వర్తించే సాక్ష్య అధినియమం 117వ సెక్షన్ ఇలా కాదు. అక్కడ కోర్టు అలా ‘భావించవచ్చు’, భావించకపోవచ్చు.

ఇంత కఠినమైన నిబంధన పెట్టడానికి బలమైన కారణం ఉంది. నాలుగు గోడల మధ్య జరిగినదాన్ని బయటివారు చూడరు. చూసినవారు ఆ ఇంటివారే. వారు చెప్పరు. చెప్పగలిగిన ఒక్క మనిషి బతికి లేదు. అయినా ఈ భారం దానంతట అది తిరగదు. వేధింపులకు సంబంధించిన సాక్ష్యం ముందు నిలబడాలి. 2025 జనవరిలో హర్యానా నుంచి వచ్చిన ఒక కేసులో సుప్రీంకోర్టు భర్తను నిర్దోషిగా వదిలేసింది. పుట్టింటివారు కోర్టులో చెప్పిన ముఖ్య విషయాలు పోలీసులకు ఇచ్చిన తొలి వాంగ్మూలాల్లో లేవని ఎత్తిచూపింది. ఈ సెక్షన్ విషయంలో కింది కోర్టులు అవే తప్పులు మళ్లీ మళ్లీ చేస్తున్నాయని, జ్యుడీషియల్ అకాడమీలు శ్రద్ధ తీసుకోవాలని చెప్పింది.

తొలి గంటల్లోనే సగం కేసు

అందుకే కోర్టులో ఏళ్ల తర్వాత వచ్చే తీర్పుకు పునాది మరణం జరిగిన తొలి గంటల్లోనే పడుతుంది. పెళ్లయిన ఏడేళ్లలోపు వివాహిత ఆత్మహత్య చేసుకున్నా, అనుమానాస్పదంగా చనిపోయినా శవపంచనామాను పోలీసులకే వదిలేయడానికి వీల్లేదు. మేజిస్ట్రేట్ విచారణ జరపాలి. తెలుగు రాష్ట్రాల్లో సాధారణంగా తహసీల్దార్ వచ్చి ఈ పంచనామా చేస్తారు. మృతదేహాన్ని పోస్టుమార్టానికి పంపడం తప్పనిసరి. ఏడేళ్లు, ఆపైన శిక్ష పడే నేరాల్లో ఫోరెన్సిక్ నిపుణులు స్థలానికి వెళ్లి ఆధారాలు సేకరించాలని, దాన్ని వీడియో తీయాలని కొత్త చట్టం చెబుతోంది. ఈ ఏర్పాట్లు చేసుకోవడానికి రాష్ట్రాలకు ఐదేళ్ల వరకు గడువిచ్చింది.

పోస్టుమార్టం నివేదికలోని చిన్న వివరాలు పెద్ద ప్రశ్నలకు జవాబిస్తాయి. శ్వాసనాళంలో మసి కనిపిస్తే మంటలంటుకునేసరికి ఆమె బతికే ఉందని అర్థం. మసి లేకపోతే చంపాక కాల్చారా అన్న అనుమానం బలపడుతుంది. మెడ చుట్టూ ఉన్న గుర్తు ఏటవాలుగా ఉందా, అడ్డంగా ఉందా అన్నదాన్ని బట్టి ఉరా, గొంతు బిగించారా అని డాక్టర్ అంచనా వేస్తాడు. విషం అనుమానం ఉంటే లోపలి అవయవాల నమూనాలు ఫోరెన్సిక్ ల్యాబ్‌కు వెళ్తాయి. ‘స్టవ్ పేలింది’ అంటే ఆ స్టవ్ ఎక్కడుంది, పగిలిందా, ఆమె బట్టల మీద కిరోసిన్ ఉందా, కాపాడబోయిన భర్త చేతులు కాలాయా అన్నవి ఆ రోజే రికార్డుకెక్కాలి. మర్నాటికి వంటగది కడిగేస్తే ఆ ప్రశ్నలకు జవాబు ఉండదు.

ఆమె చివరి మాట

ప్రాణంతో ఆసుపత్రికి చేరితే ఆమె చెప్పే మాటే అన్నిటికన్నా పెద్ద సాక్ష్యం. డాక్టర్ కబురు పంపితే జ్యుడీషియల్ మేజిస్ట్రేట్ వచ్చి, ఆమె స్పృహలో ఉందో లేదో చూసుకుని, ప్రశ్నలు వేసి జవాబులు రాసుకుంటారు. నమ్మదగిన మరణ వాంగ్మూలం ఒక్కటే ఉన్నా శిక్ష వేయవచ్చని సుప్రీంకోర్టు 1957లోనే చెప్పింది. ఆమె మాట్లాడగల స్థితిలో ఉందన్న డాక్టర్ సర్టిఫికెట్ లేనంత మాత్రాన, మేజిస్ట్రేట్ స్వయంగా సంతృప్తి చెందితే వాంగ్మూలం చెల్లకుండా పోదని 2002లో ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది.

చిక్కు ఎక్కడంటే ఒక్కోసారి రెండు మూడు వాంగ్మూలాలుంటాయి. ఆసుపత్రికి తెచ్చినవారు అత్తింటివారే. మంచం పక్కన భర్త నిలబడి ఉంటాడు. బయట పిల్లలు అతని దగ్గరే ఉన్నారు. అప్పుడామె ‘వంట చేస్తుంటే అంటుకుంది’ అంటుంది. మర్నాడు తల్లిదండ్రులు వచ్చాక అసలు సంగతి చెబుతుంది. పుట్టింటివారు నేర్పారని డిఫెన్స్ వాదిస్తుంది. అప్పుడు కోర్టు ప్రతి వాంగ్మూలమూ ఎవరి ఎదుట, ఏ పరిస్థితిలో ఇచ్చిందో, మిగతా ఆధారాలతో ఏది పొసగుతుందో చూసి ఎంచుకోవాలి.

వరకట్న మరణానికి ప్రత్యేక సెక్షన్ లేని రోజుల్లోనే ఇలాంటి మాట ఎంత బరువైనదో ఒక ఢిల్లీ కేసు చూపించింది. 1980 డిసెంబర్‌లో ఒక గర్భిణి మంటల్లో కాలి చనిపోయింది. 1983లో సెషన్స్ కోర్టు భర్తకు, అత్తకు, భర్త సోదరుడికి మరణశిక్ష వేసింది. అదే ఏడాది హైకోర్టు ముగ్గురినీ వదిలేసింది. 1985లో సుప్రీంకోర్టు ఆమె చివరి మాటలను నమ్మి భర్తకు, అత్తకు యావజ్జీవం విధించింది. ఒకే సాక్ష్యాన్ని మూడు కోర్టులు మూడు రకాలుగా తూచాయి.

మంచం మీద చెప్పిన మాటే మరణ వాంగ్మూలం కాదు. చనిపోవడానికి ముందు తల్లికి ఫోన్ చేసి చెప్పుకున్న బాధ, అక్కకు రాసిన ఉత్తరం, స్నేహితురాలికి పంపిన వాట్సాప్ మెసేజ్ కూడా మరణ కారణానికి సంబంధించినవైతే సాక్ష్యాలవుతాయి. వరకట్న మరణం రుజువు కాకపోయినా, అవే మాటలు క్రూరత్వం నేరానికి పనికొస్తాయని 2022 మేలో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది.

సెషన్స్ కోర్టులో

ఇది బెయిలుకు హక్కు లేని, రాజీకి వీల్లేని నేరం. మేజిస్ట్రేట్ కేసును సెషన్స్ కోర్టుకు పంపుతారు. తెలుగు రాష్ట్రాల్లో కొన్నిచోట్ల మహిళా కోర్టులు ఈ విచారణ జరుపుతాయి. అభియోగాలు ఖరారు చేసేటప్పుడే జడ్జి ఒక కీలక నిర్ణయం తీసుకోవాలి. చంపారని చూపే ఆధారాలుంటే హత్యానేరాన్ని కూడా చేర్చాలి. వరకట్న మరణం కేసుల్లో హత్య అభియోగాన్ని సాధారణంగా చేర్చాలని 2010లో సుప్రీంకోర్టు ఆదేశించింది. కొన్నిచోట్ల కోర్టులు దీన్ని యాంత్రికంగా పాటించడంతో, ఆధారాలున్నప్పుడే చేర్చాలని 2013లో వివరణ ఇచ్చింది. ఈ దశలో పొరపాటు జరిగితే నిజంగా హత్య జరిగిన కేసు కూడా చిన్న శిక్షతో ముగిసిపోవచ్చు.

తర్వాత సాక్షులు. అమ్మానాన్నలు, అన్నదమ్ములు, ఇరుగుపొరుగు, పంచాయితీ చేసిన పెద్దలు, డాక్టర్, తహసీల్దార్, దర్యాప్తు అధికారి వరుసగా బోనెక్కుతారు. ‘కట్నం కోసం వేధించేవారు’ అన్న ఒక్క వాక్యం ఇక్కడ చాలదు. ఎప్పుడు, ఎవరు, ఏం అడిగారు, ఇవ్వకపోతే ఏం చేశారు అన్నది చెప్పాలి. కూతురు పోయిన దుఃఖంలో తొలిరోజు పోలీసులకు సరిగా చెప్పలేకపోయిన విషయం, రెండేళ్ల తర్వాత కోర్టులో చెబితే ‘అప్పుడెందుకు చెప్పలేదు’ అన్న ప్రశ్న ఎదురవుతుంది. బోనులో నిలబడ్డ తల్లికి అది దెబ్బ మీద దెబ్బ. కోర్టుకు మాత్రం తప్పని పరీక్ష.

మరికొన్ని కేసులు సాక్షులు అడ్డం తిరగడంతో కూలిపోతాయి. చట్టంలో రాజీ లేకపోయినా ఊళ్లో రాజీ కుదురుతుంది. మనవరాలి పేర పొలం రాస్తామంటారు, బంగారం తిరిగి ఇస్తామంటారు. పసిబిడ్డ భవిష్యత్తు చూసి అమ్మమ్మ తాతయ్యలు ‘మాకేమీ తెలియదు’ అంటారు. కోర్టు దగ్గర మిగిలిన ఆధారం లేకపోతే కేసు అక్కడితో ఆగిపోతుంది.

సాక్ష్యాలన్నీ ముగిశాక ముద్దాయిని జడ్జి స్వయంగా ప్రశ్నించాలి. దీన్ని మొక్కుబడిగా జరపకూడదని, అతనికి వ్యతిరేకంగా ఉన్న ప్రతి అంశాన్నీ అతని ముందు పెట్టి జవాబు అడగాలని 2021 తీర్పు గట్టిగా చెప్పింది. రుజువు భారం ముద్దాయి మీద పడే కేసులో అతనికి సమాధానం చెప్పుకునే అవకాశం నిజంగా దక్కాలన్నదే దాని సారం.

ఎవరు దోషులు, ఎంత శిక్ష

ఎఫ్‌ఐఆర్‌లో భర్తతో పాటు అత్తమామలు, ఆడపడుచులు, తోడికోడళ్లు, ఎక్కడో దూరాన ఉద్యోగం చేసుకునే బావగారు కూడా ఉండడం తరచు కనిపిస్తుంది. బంధువులందరినీ మూకుమ్మడిగా ఇరికించే ధోరణి అసలు దోషుల మీద కేసునూ బలహీనపరుస్తుందని సుప్రీంకోర్టు 2000లోనే హెచ్చరించింది. 2024 డిసెంబర్‌లో తెలంగాణ నుంచి వెళ్లిన ఒక క్రూరత్వం కేసులోనూ, ప్రత్యేక ఆరోపణలు లేకుండా కుటుంబమంతటినీ చేర్చడాన్ని తప్పుపట్టింది. బెయిల్ విషయంలోనూ ఇదే చూపు. 2025 మార్చిలో ఉత్తరప్రదేశ్ కేసులో అత్తమామల బెయిల్‌ను రద్దు చేసి, ఆడపడుచుల బెయిల్‌ను కొనసాగించింది. వరకట్న మరణాల్లో ఆలోచించకుండా బెయిల్ ఇవ్వడం సమాజానికి తప్పుడు సంకేతమని కూడా అంది.

నేరం రుజువైతే ఏడేళ్లకు తగ్గకుండా, యావజ్జీవం దాకా శిక్ష వేయవచ్చు. ఏడేళ్లకన్నా తగ్గించే వెసులుబాటు ట్రయల్ కోర్టుకు లేదు. యావజ్జీవం అరుదైన కేసుల్లోనే వేయాలని 1994లో సుప్రీంకోర్టు చెప్పింది. హత్య కూడా రుజువైతే యావజ్జీవం గానీ మరణశిక్ష గానీ పడుతుంది.

సెషన్స్ కోర్టు వదిలేస్తే ప్రభుత్వమే కాదు, బాధితురాలి తల్లిదండ్రులు కూడా అప్పీలు చేసుకోవచ్చు. 2009 చివర్లో అమల్లోకి వచ్చిన సవరణ ఈ హక్కు ఇచ్చింది. అయితే ఈ దారి పొడవు ఎంతో 2025 డిసెంబర్‌లో వచ్చిన ఒక తీర్పు చెబుతుంది. 2001లో ఉత్తరప్రదేశ్‌లో కలర్ టీవీ, మోటార్‌సైకిల్, 15 వేల రూపాయలు తేలేదని 20 ఏళ్ల యువతిని నిప్పంటించి చంపిన కేసది. కింది కోర్టు శిక్ష వేసిన ముద్దాయిలను 2003లో హైకోర్టు వదిలేసింది. సుప్రీంకోర్టు ఆ తీర్పును రద్దుచేసి శిక్షను పునరుద్ధరించే నాటికి ఆమె చనిపోయి 24 ఏళ్లు. అత్తకు 94 ఏళ్లు వచ్చాయి కాబట్టి ఆమెను జైలుకు పంపలేదు. అదే తీర్పులో పెండింగ్‌లో ఉన్న ఇలాంటి కేసుల లెక్క తీసి త్వరగా ముగించేలా చూడాలని హైకోర్టులను కోరింది.

ఆమెతో పంపిన సొమ్ము

శిక్షతో సంబంధం లేకుండా మరో విషయం తేలాలి. కట్నంగా ఎవరి చేతికి ఏది వెళ్లినా అది ఆమె సొత్తేనని, మూడు నెలల్లో ఆమెకు అప్పగించాలని వరకట్న నిషేధ చట్టం ఆరో సెక్షన్ చెబుతోంది. పెళ్లయిన ఏడేళ్లలోపు ఆమె అసహజంగా చనిపోతే ఆ సొత్తు పిల్లలకు చెందుతుంది. పిల్లలు లేకపోతే తల్లిదండ్రులకు తిరిగి వెళ్లాలి. ఇందుకు 80వ సెక్షన్ కింద ఎవరికైనా శిక్ష పడి ఉండాలన్న షరతు లేదు. అప్పగించకపోతే అదే వేరే నేరం. పెళ్లినాడు ఇచ్చిన కానుకల జాబితా రాసి ఇద్దరి సంతకాలతో దాచుకోవాలని 1985 నిబంధనలు చెబుతున్నాయి. ఆ కాగితం ఉన్న ఇంట్లో ఈ హక్కు తేలికగా నిలుస్తుంది.

కట్నం ఇచ్చామని చెబితే తమ మీదే కేసవుతుందేమోనని తల్లిదండ్రులు భయపడతారు. ఇవ్వడం కూడా నేరమే అయినా, బాధితులు ఇచ్చిన వాంగ్మూలాన్ని పట్టుకుని వారిని శిక్షించకూడదని అదే చట్టం రక్షణ ఇచ్చింది. అందుకే మొదటి చెంపదెబ్బ నాడే, మొదటి ఫోన్‌కాల్ నాడే ఫిర్యాదు చేయడానికి చట్టంలో అడ్డంకి ఏదీ లేదు. ఆ రోజు స్టేషన్‌లో నమోదైన ఫిర్యాదు ఆమె ప్రాణాన్ని కాపాడవచ్చు. కాపాడలేకపోతే, కోర్టు వెతికే మూడో మెట్టూ నాలుగో మెట్టూ ఆ కాగితం మీదే ఉంటాయి.